కంచెలోపలి కాపురము

సరిహద్దునకు కావలి యెందులకని యడిగినచో, శత్రువు లోపలికి రాకుండుటకని యెల్లరును బదులు చెప్పుదురు. తన ప్రజలు వెలుపలికి పోకుండుటకై ప్రభుత్వము కావలి పెట్టినచో నచ్చటి కాపురమెట్లుండును? జర్మనీలోని మోడ్లరాయిట్ అను కుగ్రామము చరిత్ర యిందులకు దృష్టాంతము.

ఆ యూరి నడుమ టాన్‌బాఖ్ అను సన్నని వాగు పారుచున్నది. ఒకదరి బవేరియా, రెండవదరి తురింగియా. పూర్వము ఊరివారందఱును బడికి తురింగియా దరికిని, ప్రార్థనకు బవేరియాలోని టోపెన్ గ్రామమునకును పోవుచుండిరి. 1945 తరువాత నొకదరి అమెరికనుల వశమునను, రెండవది సోవియటువారి వశమునను ఉండెను. 1949లో నవి రెండు రాజ్యముల పాలయ్యెను.

1952 మే 26వ తేదీన తూర్పు జర్మనీ మంత్రిమండలి శాసనమొకటి చేసెను. సరిహద్దు వెంబడి అడుగుజాడలు తెలియునట్లు 10 మీటరుల నేలను దున్నించిరి. దానివెనుక 500 మీటరుల రక్షణపట్టీ. మొత్తము 5 కిలోమీటరుల నిషిద్ధప్రదేశము. అందలి నివాసికి గుర్తింపుచీటిపై ప్రత్యేకముద్ర యుండవలెను. పెండ్లికైనను చావునకైనను బయటి బంధువు రాదలచినచో ముందుగా అనుమతిపత్రము పొందవలెను.

ఆ యేడే 8,000 మందికి పైగా జనులను నమ్మదగనివారని యెంచి, సరిహద్దు ప్రాంతమునుండి లోపలి జిల్లాలకు తరలించిరి. ఆ చర్యకు పెట్టిన రహస్యనామము 'చీడపురుగులు'. న్యాయస్థానము తీర్పు చెప్పలేదు. చేసిన నేరమునకు గాక, చేయవచ్చునను శంకకే శిక్ష పడెను. 1961లో మరల వేలకొలది జనులకు అదే గతి పట్టెను.

మిగిలినవారి స్థితి యేమి? గ్రామస్థులలోనే కొందఱు సరిహద్దు సైన్యమునకు స్వచ్ఛంద సహాయకులైరి. క్రొత్తముఖము కనబడినచో వార్త పోవుచుండెను. పొరుగువాడే సాక్షి యగునేమో యను భీతితో మనుజుడు తన మాటను తానే కాచుకొనవలసి వచ్చెను. కావలివాని జీతమునకు లెక్క గలదు. ఈ కావలికి లెక్క లేదు.

1966లో ఊరి నడుమ సుమారు 700 మీటరుల కాంక్రీటు గోడ లేచెను. పడమటి దరివారు చేయి యూపినను, తూర్పుదరివారు మారుచేయి యూపరాదని నిషేధము. పలుకరింపు సైతము నేరమైన చోట రాజ్యమునకు కలిగిన క్షేమమేమో న్యాయవేత్తలు చెప్పవలెను.

1989 డిసెంబరు 9న గోడలో దారి తెరచిరి. 1990 జూన్ 17న గోడను చాలవరకు కూల్చిరి. కొంతభాగము ప్రదర్శనశాలగా నేటికిని నిలిచియున్నది. విచిత్రమేమన, వాగు నేటికిని రెండు రాష్ట్రములకు ఎల్లయే. ఎల్ల యట్లేయున్నది, కావలివారు లేరు. అందుచే నెవరికిని హాని కలుగలేదు.