వేరే దుకాణంలో కొన్న ఆటకు స్టీమ్ ఓవర్‌లే: ఎప్పుడు పనిచేస్తుంది, ఎప్పుడు మొరాయిస్తుంది?

2020 మే నెలలో ఎపిక్ గేమ్స్ స్టోర్ ‘గ్రాండ్ థెఫ్ట్ ఆటో 5’ను ఉచితంగా ప్రకటించగానే, తాకిడిని తట్టుకోలేక ఆ దుకాణం వెబ్‌సైట్ కొన్ని గంటలపాటు స్తంభించిపోయింది. దేశంలో లాక్‌డౌన్ అమల్లో ఉన్న రోజులవి. ఆట ఉచితంగా చేతికందింది కానీ, అప్పటికే స్టీమ్‌కు అలవాటుపడినవారికి ఒక కొత్త చిక్కు ఎదురైంది. మిత్రుల జాబితా, కంట్రోలర్ అమరికలు, తెరచిత్రాలు తీసే మీట అన్నీ స్టీమ్‌లో ఉన్నాయి. ఆట మాత్రం ఎపిక్‌లో ఉంది.

ఈ చిక్కుకు స్టీమ్‌లోనే ఒక పరిష్కారం ఉంది. స్టీమ్ కిటికీ అడుగున ఎడమవైపు కనిపించే ‘యాడ్ ఎ గేమ్’ను నొక్కి, అందులో ‘యాడ్ ఎ నాన్-స్టీమ్ గేమ్’ను ఎంచుకుంటే, కంప్యూటర్‌లో ఉన్న ఏ ప్రోగ్రామ్‌నైనా స్టీమ్ జాబితాలో చేర్చుకోవచ్చు. (ప్రపంచంలోని తక్కిన ఆటలన్నింటికీ కలిపి ‘స్టీమ్ కానివి’ అని పేరు పెట్టడం మన హోటళ్ల బోర్డుల మీది ‘నాన్‌వెజ్’ను గుర్తుచేస్తుంది.) ఆపైన ఆ ఆటను స్టీమ్ నుంచి ప్రారంభించి షిఫ్ట్, ట్యాబ్ మీటలను కలిపి నొక్కితే ఓవర్‌లే తెరుచుకోవాలి. కొందరికి తెరుచుకుంటుంది, కొందరికి తెరుచుకోదు. ఒకే వ్యక్తికి ఒకే ఆటలో నిన్న తెరుచుకున్నది ఇవాళ తెరుచుకోకపోవచ్చు. దీనికి కారణం తెలియక స్టీమ్‌నూ ఆటనూ తొలగించి మళ్లీ స్థాపించుకునేవారు ఎందరో.

కారణాన్ని ఒక్క వాక్యంలో చెప్పవచ్చు. ఆటను ఎక్కడ కొన్నారన్నది ఓవర్‌లేకు అక్కర్లేదు, ఆటను ఎవరు ప్రారంభించారన్నదే దానికి ముఖ్యం.

తెర వెనుక జరిగేది

ఓవర్‌లేకు తెలుగులో ఇంకా స్థిరపడిన మాట లేదు. ‘పైపొర’ అనవచ్చు కానీ, ఆడేవారెవరూ అలా అనరు. పైగా ఆ మాట కొంత తప్పుదోవ పట్టిస్తుంది కూడా. చూసేవారికి అది ఆట మీద పరిచిన పొరలా కనిపించినా, నిజానికి అది ఆట లోపలి నుంచే పుడుతుంది.

కంప్యూటర్ ఆట ప్రతి దృశ్యాన్నీ ముందుగా జ్ఞాపకశక్తిలో చిత్రించుకుంటుంది. చిత్రం పూర్తయ్యాక ‘ఇక తెర మీద చూపించు’ అని డైరెక్ట్‌ఎక్స్, వల్కన్ వంటి గ్రాఫిక్స్ వ్యవస్థకు ఆదేశం ఇస్తుంది. సెకనుకు 60 చిత్రాలు నడిచే ఆటలో ఈ ఆదేశం సెకనుకు 60 సార్లు వెలువడుతుంది. స్టీమ్ తనకు చెందిన ఒక చిన్న డీఎల్‌ఎల్ ఫైలును ఆట ప్రక్రియలోకి చొప్పించి, సరిగ్గా ఆ ఆదేశం దగ్గర కాపు కాస్తుంది. ఆదేశం రాగానే దాన్ని ఒక్క క్షణం నిలిపి, సిద్ధమైన చిత్రం మీద తన మిత్రుల జాబితానో బ్రౌజర్ కిటికీనో గీసి, ఆ తర్వాతే ముందుకు పంపుతుంది.

తోలుబొమ్మలాట చూసినవారికి ఇది సులువుగా బోధపడుతుంది. రామాయణ కథ నడుస్తుండగా మధ్యలో కేతిగాడు, బంగారక్క ప్రవేశించి నవ్విస్తారు. వారు కథలోని పాత్రలు కారు. అయినా వారి బొమ్మలు తెర మీద కనిపించాలంటే తక్కిన బొమ్మల మాదిరిగానే తెర వెనుక, దీపం ముందు నిలవాలి. ప్రేక్షకుల వైపు నుంచి వచ్చి తెర మీద అతికిస్తే కుదరదు. ఓవర్‌లే కూడా అటువంటి బొమ్మే. ఆట మొదలవుతున్నప్పుడే దానికి తెర వెనుక చోటు దొరకాలి.

ఆ చోటు దొరికే వేళ ప్రక్రియ ప్రారంభమయ్యే వేళే. స్టీమ్ ఒక ప్రోగ్రామ్‌ను ప్రారంభిస్తే అందులోకి తన ఫైలును పంపుతుంది. ఆ ప్రోగ్రామ్ మరో ప్రోగ్రామ్‌ను ప్రారంభిస్తే ఆ సంతానంలోకి కూడా వెళుతుంది. కానీ స్టీమ్‌తో సంబంధం లేని మరొకరు ప్రారంభించిన ఆటలోకి మామూలుగా అడుగుపెట్టదు.

వంశవృక్షం తెగేది ఎక్కడ?

ఇప్పుడు ఎపిక్ నుంచి వచ్చిన ‘జీటీఏ 5’ను ఈ దృష్టితో చూడండి. స్టీమ్ నుంచి ఆట ఫైలును తెరిచారనుకుందాం. అది తనంతట తాను నడవదు. ఎపిక్ లాంచర్‌ను పిలుస్తుంది. ఎపిక్ లాంచర్ ఖాతాను సరిచూసి రాక్‌స్టార్ లాంచర్‌ను లేపుతుంది. చివరకు అసలు ఆటను ఆ లాంచర్ ప్రారంభిస్తుంది. ఒక ఆటకు ముగ్గురు ద్వారపాలకులన్నమాట. ఎపిక్ లాంచర్ అప్పటికే గడియారం పక్కన చిన్న గుర్తుగా నడుస్తూ ఉంటే, దాన్ని ప్రారంభించింది స్టీమ్ కాదు, విండోస్. కాబట్టి దాని ద్వారా పుట్టిన ఆటకూ స్టీమ్‌కూ చుట్టరికం ఉండదు. స్టీమ్ చూస్తుండగానే, అది తెరిచిన మొదటి ప్రక్రియ పని ముగించుకుని మూతపడుతుంది. ఆట ముగిసిందనుకుని స్టీమ్ ఊరుకుంటుంది. ఆట మాత్రం ఓవర్‌లే లేకుండా నడుస్తుంటుంది.

నిన్న పనిచేసి ఇవాళ పనిచేయకపోవడంలోని రహస్యం చాలావరకు ఇదే. నిన్న ఎపిక్ లాంచర్ మూసి ఉంది, ఇవాళ తెరిచి ఉంది.

అందువల్ల లాంచర్ తప్పనిసరైన ఆటలకు అనుభవజ్ఞులు పాటించే పద్ధతి వేరు. ఆటను కాకుండా లాంచర్‌నే స్టీమ్ జాబితాలో చేరుస్తారు. ఆడబోయే ముందు గడియారం పక్కనున్న గుర్తు మీద కుడి మీట నొక్కి లాంచర్‌ను పూర్తిగా మూసివేస్తారు. పై మూలనున్న ఇంటూ గుర్తును నొక్కితే కిటికీ మాత్రమే పోతుంది, లాంచర్ పోదు. ఆ తర్వాత స్టీమ్ నుంచి లాంచర్‌ను తెరిచి, అందులోంచి ఆటను ప్రారంభిస్తారు. అప్పుడు ఆట స్టీమ్‌కు మనుమడి వరసవుతుంది. చాలా సందర్భాల్లో ఓవర్‌లే వస్తుంది. దీంతో ఒక అసౌకర్యం ఉంది. ఆట ముగించినా లాంచర్ నడుస్తున్నంత కాలం మీరు ఆడుతూనే ఉన్నారని స్టీమ్ భావిస్తుంది, మీ మిత్రులకూ అలాగే చూపుతుంది.

అన్ని ఆటలకూ ఇంత ప్రయాస అవసరం లేదు. పోలండ్‌కు చెందిన సీడీ ప్రాజెక్ట్ సంస్థ 2008లో ప్రారంభించిన జీఓజీ దుకాణం నకలు నిరోధక తాళాలు లేని ఆటలను విక్రయిస్తుంది. అక్కడ కొన్న ఆట లాంచర్ లేకుండానే నడుస్తుంది కాబట్టి, నేరుగా ఆట ఫైలునే చేర్చవచ్చు. జాగ్రత్తపడవలసింది సరైన ఫైలును ఎంచుకోవడంలోనే. ఉదాహరణకు ‘ది విచర్ 3’ ఫోల్డర్‌లో 2022 డిసెంబరు నాటి నవీకరణ తర్వాత రెండు ఆట ఫైళ్లు ఉన్నాయి. ఒకటి డైరెక్ట్‌ఎక్స్ 11కు, మరొకటి డైరెక్ట్‌ఎక్స్ 12కు. పేరు రెండింటికీ ఒకటే, ఫోల్డర్లు మాత్రం వేరు. డెస్క్‌టాప్ మీది సత్వరమార్గాన్ని నమ్ముకోకుండా ఆట ఫోల్డర్ తెరిచి చూసి ఎంచుకోవడం మేలు. ఎపిక్‌లోనూ లాంచర్ సాయం లేకుండా నడిచే ఆటలు కొన్ని ఉన్నాయి. ముందు నేరుగా ప్రయత్నించి, కుదరకపోతేనే లాంచర్ పద్ధతికి వెళ్లాలి.

కంట్రోలర్ చెప్పే సంకేతం

ఈ పనికి పూనుకునే వారిలో చాలామందికి కావలసింది నిజానికి మిత్రుల జాబితా కాదు, కంట్రోలర్. ప్లేస్టేషన్ కంట్రోలర్‌ను గుర్తించని పాత ఆటలకు స్టీమ్ దాన్ని ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌గా పరిచయం చేస్తుంది, మీటల అమరికను మార్చుకోనిస్తుంది. ఈ సదుపాయం కూడా ఓవర్‌లే మార్గంలోనే ఆటను చేరుతుంది. ఓవర్‌లే ఆటలోకి చేరకపోతే కంట్రోలర్ డెస్క్‌టాప్ అమరికలోనే ఉండిపోతుంది. ఆటలో పాత్ర కదలదు, మౌస్ బాణం కదులుతుంది. అలా జరిగితే కంట్రోలర్ పాడైందని కంగారుపడనక్కర్లేదు, వెతకవలసింది వంశవృక్షంలోనే. 2024 నవంబరులో స్టీమ్ అందరికీ అందుబాటులోకి తెచ్చిన ఆట రికార్డింగ్ సదుపాయానికీ ఇదే నియమం. ఓవర్‌లే నడిచే ఆటైతే చాలు, వేరే దుకాణానిదైనా రికార్డు చేస్తుంది.

తలుపు తీయని ఇళ్లు

మైక్రోసాఫ్ట్ స్టోర్ నుంచి వచ్చే యూడబ్ల్యూపీ తరహా ఆటలు విండోస్ గిరిగీసిన ప్రత్యేక ఆవరణలో నడుస్తాయి. బయటి ఫైళ్లకు అందులో ప్రవేశం లేదు. వాటికి విండోస్ మీటతో జీ నొక్కితే వచ్చే గేమ్ బార్ ఉత్తమం. అది ఆపరేటింగ్ సిస్టమ్ సొంత మనిషి కాబట్టి ఎవరి అనుమతీ అడగనవసరం లేదు.

ఆటను ‘అడ్మినిస్ట్రేటర్’ అధికారంతో నడిపి, స్టీమ్‌ను మామూలుగా నడిపినా ఓవర్‌లే రాదు. తక్కువ హోదా ఉన్న ప్రోగ్రామ్ ఎక్కువ హోదా ఉన్నదాని లోపలికి వెళ్లడాన్ని విండోస్ అనుమతించదు. స్టీమ్‌కు కూడా ఆ అధికారం ఇవ్వమన్న సలహా తరచూ వినిపిస్తుంది. దానికంటే, ఆట ఫైలు లక్షణాల్లో ఆ గడి దగ్గరి టిక్కును తీసేయడం క్షేమం. ఆటకు నిజంగా అంత అధికారం అవసరమయ్యే సందర్భాలు తక్కువ.

మూడోది మోస నిరోధక సాఫ్ట్‌వేర్. ఆటలో గోడల వెనుకనున్న శత్రువులను చూపించే దొంగ ప్రోగ్రాములు కూడా తెర ఆదేశం దగ్గర కాపు కాసే పద్ధతినే వాడుకుంటాయి. మంచివాడూ దొంగా ఒకే కిటికీలోంచి వస్తున్నప్పుడు కాపలాదారు ఎవరినీ రానివ్వకపోవడంలో వింతేమీ లేదు. స్టీమ్ ఫైలుకు వాల్వ్ సంస్థ డిజిటల్ సంతకం ఉంటుంది కాబట్టి కొన్ని వ్యవస్థలు దాన్ని గుర్తించి వదిలేస్తాయి. వదలని చోట ఇంటర్నెట్‌లో దొరికే ఊరూపేరూ లేని ఉపకరణాలతో బలవంతంగా చొప్పించాలని చూస్తే ఖాతా మీద నిషేధం పడే ప్రమాదం ఉంది. తెర మీద గడియారం కోసం ఏళ్ల తరబడి పెంచుకున్న ఖాతాను పణం పెట్టడం తెలివైన బేరం కాదు.

2022 ఫిబ్రవరిలో విడుదలైన స్టీమ్ డెక్‌లో పరిస్థితి తలకిందులు. అందులో తెర మొత్తం స్టీమ్ అధీనంలోనే ఉంటుంది. ఆట చిత్రాన్నీ తన మెనూనూ బయటి నుంచే కలిపి చూపగలదు. అక్కడి అసలు సమస్య వేరే దుకాణం ఆటను జాబితాలోకి తేవడం. అందుకు డెస్క్‌టాప్ మోడ్‌లో హీరోయిక్ వంటి స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ లాంచర్లను వాడుతున్నారు.

జాబితాలో ఉన్నంత మాత్రాన

స్టీమ్ లైబ్రరీలో పేరు కనిపించగానే ఆట స్టీమ్‌కు మారిందనుకోవడం పొరపాటు. అక్కడ ఉన్నది చిరునామా మాత్రమే. స్టీమ్ విజయ పతకాలు రావు, ఆట స్థితిని స్టీమ్ తన క్లౌడ్‌లో దాచదు, నవీకరణలు తేదు. ఎపిక్ ఖాతా పోతే స్టీమ్‌లోని పేరు ఆటను తెరవలేదు. అలాగని స్టీమ్‌లో కొన్న ఆటకు పూర్తి యాజమాన్యం దక్కుతుందనీ కాదు. కొనుగోలు ద్వారా లభిస్తున్నది వాడుకునే లైసెన్సు మాత్రమేనని 2024 అక్టోబరు నుంచి స్టీమ్ చెల్లింపు పేజీలోనే రాస్తోంది. ఆ మేరకు జీఓజీ ఇచ్చే ఆఫ్‌లైన్ ఇన్‌స్టాలర్‌ను సొంత హార్డ్‌డిస్క్‌లో దాచుకున్నవారి పరిస్థితి కొంత మెరుగు.

చేర్చిన ఆటకు జాబితాలో ఏ పేరైనా పెట్టుకోవచ్చు, తెలుగులోనూ రాసుకోవచ్చు. స్టీమ్ మిత్రులకు కనిపించేది ఆ పేరే కనుక కార్యాలయ సహచరులు జాబితాలో ఉన్నవారు ఈ సంగతి గమనించాలి. జాబితా నుంచి తొలగిస్తే చిరునామా మాత్రమే పోతుంది, ఆట చెక్కుచెదరదు. ఈ చిరునామాలు ఆ కంప్యూటర్‌లోనే ఒక ఫైలులో ఉంటాయి. కంప్యూటర్ మార్చినా, విండోస్ కొత్తగా వేసుకున్నా ఒక్కొక్కటీ మళ్లీ చేర్చుకోవలసిందే.