దీపాల వైపు చూడొద్దు

ఏ ఫాంటసీ గేమ్ తీసుకున్నా మ్యాప్‌లో ఒక మూల పుర్రె గుర్తు ఉంటుంది. అక్కడికి వెళ్తే పెద్ద రాక్షసుడు ఎదురవుతాడు, వాణ్ని చంపేస్తే దారి క్లియర్. జె.ఆర్.ఆర్. టోల్కీన్ రాసిన 'ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్'లో కూడా అలాంటి చోట్లు ఉన్నాయి. మోరియా గనుల్లో బాల్రాగ్ అనే అగ్నిభూతం, కొండ సొరంగంలో షీలాబ్ అనే పెద్ద సాలీడు ఉంటాయి. కానీ నన్ను అన్నిటికంటే ఎక్కువ భయపెట్టిన చోట ఏ రాక్షసుడూ లేడు. అక్కడున్న వాళ్లంతా ఎప్పుడో చచ్చిపోయారు. దాని పేరు డెడ్ మార్షెస్, అంటే చచ్చినవాళ్ల చిత్తడి.

ఇది 1954లో వచ్చిన రెండో భాగం 'ది టూ టవర్స్'లో ఉంటుంది. ఫ్రోడో, సామ్ అనే ఇద్దరు హాబిట్లు ఒక మాయ ఉంగరాన్ని నాశనం చెయ్యడానికి శత్రువు సౌరాన్ ఉండే మోర్డార్‌కి బయల్దేరతారు. మామూలు దారిలో వెళ్తే శత్రువు కంట పడతారు. అందుకని గొల్లమ్ వాళ్లని ఈ చిత్తడిలోంచి తీసుకెళ్తాడు. సౌరాన్ సైనికులైన ఓర్క్‌లు కూడా ఇటు రారు. అంటే ఈ చోటు ఎంత ప్రమాదమో, దాక్కోవడానికి అంత మంచిది కూడా.

చీకటి పడ్డాక నీళ్ల మీద చిన్న చిన్న దీపాలు కనబడతాయి. మన ఊళ్లలో కొరివి దయ్యం అంటారే, అలాంటివే. చిత్తడిలో గాలి తగలకుండా కుళ్లిన మొక్కల నుంచి మీథేన్ లాంటి వాయువులు వస్తాయి, అవి మండితే ఇలాంటి వెలుగులు కనిపిస్తాయని సైన్స్ పుస్తకాల్లో చెప్తారు. ఆ వెలుగుల వెంట వెళ్లినవాడు దారి తప్పుతాడని మాత్రం చాలా దేశాల కథల్లో ఉంది. గొల్లమ్ కూడా అదే చెప్తాడు. ఆ దీపాల వైపు చూడొద్దంటాడు.

సామ్ కాలు తట్టుకుని పడతాడు. చేతులు బురదలో దిగబడి, మొహం నీళ్ల దగ్గరికి వెళ్తుంది. అప్పుడు కనబడతాయి, నీళ్ల అడుగున చచ్చినవాళ్ల ముఖాలు. దాదాపు 3000 ఏళ్ల కిందట ఆ పక్కనే ఉన్న డాగోర్లాడ్ మైదానంలో సౌరాన్ మీద పెద్ద యుద్ధం జరిగింది. చనిపోయినవాళ్లని అక్కడే పూడ్చారు. కాలం గడిచేకొద్దీ చిత్తడి పెరుగుతూ వచ్చి ఆ సమాధులను మింగేసింది. నీళ్లలో ఎల్ఫ్‌లు, మనుషులు, ఓర్క్‌లు అందరూ ఉన్నారు. మంచివాళ్లకి ఒక చోటు, చెడ్డవాళ్లకి ఒక చోటు అని లేదు. పోనీ ముట్టుకుందామంటే చెయ్యి అందదు. గొల్లమ్ ఒకప్పుడు ప్రయత్నించాడు. కనబడేవి ఆకారాలు మాత్రమే.

2002లో వచ్చిన సినిమాలో ఫ్రోడో నీళ్లలో పడిపోతే గొల్లమ్ బయటికి లాగుతాడు. పుస్తకంలో అలా జరగదు. ఫ్రోడో నడుస్తూ నడుస్తూ వెనకబడిపోతాడు. సామ్ తిరిగొచ్చి చూస్తే, ఆ దీపాలనే చూస్తూ నిలబడి ఉంటాడు, చేతుల నుంచి బురద నీళ్లు కారుతుంటాయి. ఏ దయ్యమూ లాగలేదు. అతనే ఆగిపోయాడు. నాకైతే సినిమా సీన్ కంటే ఇదే ఎక్కువ భయం వేసింది.

టోల్కీన్‌కి ఇది ఎక్కడి నుంచి వచ్చింది? 1916లో ఆయన ఉత్తర ఫ్రాన్స్‌లోని సోమ్ యుద్ధంలో సిగ్నల్స్ ఆఫీసర్. మొదటి రోజు, జులై 1న, ఒక్క బ్రిటిష్ సైన్యంలోనే 19,240 మంది చనిపోయారు. వాళ్లలో ఆయన స్కూల్ స్నేహితుడు రాబ్ గిల్సన్ ఒకడు. అదే డిసెంబర్లో ఇంకో స్నేహితుడు జి.బి. స్మిత్ కూడా పోయాడు. నలుగురి గ్యాంగ్‌లో మిగిలింది టోల్కీన్, క్రిస్టఫర్ వైజ్‌మన్. పేల ద్వారా వచ్చే ట్రెంచ్ ఫీవర్ పట్టుకోవడంతో టోల్కీన్‌ని నవంబర్లో ఇంగ్లండ్ పంపేశారు. ఆ యుద్ధంలో మనవైపు సైనికులు కూడా ఉన్నారు. జులై 14న హై వుడ్ అనే అడవి దగ్గర గుర్రాల మీద దాడి చేసిన డెక్కన్ హార్స్ రెజిమెంట్, నిజాం కాలపు హైదరాబాద్ కంటింజెంట్ నుంచి వచ్చిందే.

యుద్ధం తన కథని మార్చిందంటే టోల్కీన్ ఒప్పుకునేవాడు కాదు. కానీ 1960లో రాసిన ఒక ఉత్తరంలో, డెడ్ మార్షెస్ మాత్రం సోమ్ యుద్ధం తర్వాతి ఉత్తర ఫ్రాన్స్‌కి కొంత రుణపడి ఉందన్నాడు. బాంబు గుంతల్లో నిండిన వాన నీళ్లు, ఆ నీళ్లలో శవాలు, వాటిలో ఎవరు ఏ వైపువాళ్లో తెలియకపోవడం. ఇది తెలిశాక ఆ అధ్యాయం మళ్లీ చదివితే ఫ్రోడో ఎందుకు ఆగిపోయాడో అర్థమవుతుంది. పోయినవాళ్లని చూస్తూ నిలబడిపోవడం ఎవరికైనా తేలికే. కదలాలంటే వెనక్కొచ్చి పిలిచే సామ్ లాంటివాడు ఒకడు కావాలి.

కథ చివర సౌరాన్ ఓడిపోతాడు, ఉంగరం కాలిపోతుంది. కానీ ఏ హీరో వెళ్లి ఆ చిత్తడిని బాగు చెయ్యడు. ఆ ముఖాలకి విముక్తి దొరికిందని కూడా టోల్కీన్ ఎక్కడా రాయలేదు. సినిమా మాత్రమే చూసినవాళ్లు వీలైతే ఈ ఒక్క అధ్యాయమైనా చదవండి. దాన్ని రాసేటప్పటికి టోల్కీన్ స్నేహితులు పోయి 25 ఏళ్లు దాటింది.