థియాగోలో ‘హెచ్’ ఎక్కడిది?

టాటావాళ్ల టియాగో కారు 2016 నుంచి మన రోడ్ల మీద తిరుగుతోంది. దానికి ముందు అనుకున్న పేరు జికా. తీరా కారు బయటికొచ్చే వేళకి బ్రెజిల్‌లో జికా వైరస్ విరుచుకుపడింది. ఆ మాట వింటేనే లోకం హడలిపోతుంటే కంపెనీ జనాన్ని ఓటు అడిగి మరీ పేరు మార్చింది. చిత్రమేమిటంటే, అలా వచ్చిన కొత్త పేరు కూడా బ్రెజిల్‌లో వీధివీధినా వినపడేదే. కాకపోతే అక్కడ చాలామంది దాన్ని ఇంగ్లిష్ ‘టి’ అక్షరం తర్వాత ఒక ‘హెచ్’ చేర్చి రాసుకుంటారు. ఫుట్‌బాల్ చూసేవారికి థియాగో సిల్వా తెలుసు, స్పెయిన్‌కు ఆడిన థియాగో అల్కాంటారా తెలుసు. రియో ఒలింపిక్స్‌లో 6.03 మీటర్లు దూకి పోల్‌వాల్ట్ బంగారు పతకం పట్టుకెళ్లిన థియాగో బ్రాజ్ కూడా గుర్తుండే ఉంటాడు.

ఈ పేరుకు అర్థం ఏమిటి? ఆ హెచ్ ఎందుకు?

అర్థం సంగతి ముందు చూద్దాం. ఈ పేరు మూలం మనకు కొత్తదేమీ కాదు. తెలుగు బైబిల్ చదివినవారికి బాగా తెలిసిన యాకోబే. హీబ్రూలో యాకోవ్, గ్రీకులో యాకోబోస్, లాటిన్‌లో యాకోబుస్. కవలల్లో రెండోవాడిగా పుడుతూ అన్న ఏశావు మడమ పట్టుకుని బయటికొచ్చాడు కనుక ఆ పేరొచ్చిందని ఆదికాండం కథ. హీబ్రూలో మడమకు ఉన్న మాట, ఈ పేరు, వినడానికి దగ్గరగా ఉంటాయి. ఆ తర్వాత అన్నకు దక్కాల్సిన దీవెన కూడా తమ్ముడే కాజేయడంతో, ‘ఒకరి స్థానం లాక్కునేవాడు’ అన్న అర్థమూ అంటుకుంది. పండితుల్లో కొందరు మాత్రం ఇది ‘దేవుడు కాపాడుగాక’ అనే ప్రాచీన పేరుకు కుదించిన రూపం అంటారు. నాకు ఇదే సబబనిపిస్తుంది. మడమ కథ పేరును చూసి అల్లినట్టుంది గానీ, కన్నబిడ్డకు మోసగాడని ఏ తల్లి పేరు పెడుతుంది?

సరే, యాకోబు థియాగో, అంటే పోర్చుగీసు పలుకులో తియాగు, ఎలా అయ్యాడు? అసలు పేరులో ‘త’ లేనే లేదు కదా!

ఇక్కడే అసలు తమాషా ఉంది. స్పెయిన్, పోర్చుగల్ ప్రాంతాల్లో యాకోబుస్ జనం నోట అరిగి అరిగి ‘యాగో’ అయింది. ఆ రూపం స్పెయిన్‌లోని గలీసియాలో ఇప్పటికీ ఉంది. క్రీస్తు శిష్యుల్లో ఒకడైన యాకోబు సమాధి తమ దగ్గరే బయటపడిందని తొమ్మిదో శతాబ్దంలో అక్కడివారు నమ్మారు. దాని మీద గుడి లేచింది, దాని చుట్టూ సాంతియాగో దె కొంపొస్తేలా అనే ఊరు వెలిసింది. యూరప్ నలుమూలల నుంచీ యాత్రికులు కాలినడకన రావడం మొదలైంది, నేటికీ వస్తున్నారు. యుద్ధాల్లో సైనికులు కూడా ఆయన పేరే అరుస్తూ మీదపడేవారు. ఇన్ని నోళ్లలో నానిన పేరును ఎవరూ ఒంటరిగా పలకలేదు, ముందు ‘సాంతో’ అనే మాట ఉండేది. పునీతుడు అని దానర్థం. సాంతో, యాగో కలిస్తే మధ్య అచ్చు జారిపోయి ‘సాంతియాగో’ అవుతుంది. మనకు సంధి కొత్తా!

తప్పు జరిగింది ఆ సంధిని విడదీయడంలో. పోర్చుగీసులో హల్లుతో మొదలయ్యే పునీతుల పేర్ల ముందు ‘సావో’ అంటారు, సావో పాలో నగరం పేరులో ఉన్నది అదే. అచ్చుతో మొదలైతే ‘సాంతు’. సాంతియాగో విన్న జనం ఆ ‘త’కారాన్ని ముందుమాటకు వదిలిపెట్టకుండా పేరు పక్కకు లాగేశారు. సావో తియాగు అన్నారు. రామాలయాన్ని రా, మాలయం అని విడగొట్టి, మాలయం అని ఊరికి పేరు పెట్టుకున్నట్టు! తర్వాత ఆ సావో కూడా ఊడిపోయి తియాగు మిగిలాడు. అంటే ఆ పేరులో మొదటి అక్షరం యాకోబుది కాదు, ‘పునీతుడు’ అన్న మాట తోక. పేర్ల పుస్తకాలు కొన్ని థియాగో అంటే ‘పునీత యాకోబు’ అని రాసేస్తాయి. ఆ అర్థం నిండుగా ఉన్నది సాంతియాగోలో. థియాగోలో ఆ పునీతుడి తాలూకు ఒక్క హల్లే మిగిలింది.

చివరికి పోర్చుగీసు బైబిల్లో పాత నిబంధన యాకోబు ‘జాకో’గా, కొత్త నిబంధన యాకోబు ‘తియాగు’గా వేరుపడిపోయారు. ఇంగ్లిష్‌లోనూ అంతే, ఒకరు జేకబ్, ఇంకొకరు జేమ్స్. ఇద్దరినీ ఒకే పేరుతో ఉంచిన తెలుగు బైబిల్ చదివినవారికి ఈ చుట్టరికం ఇట్టే పట్టుబడుతుంది. దియోగు, దియేగో అనే పేర్లు కూడా సాంతియాగో పిల్లలే అంటారు గానీ, మధ్యయుగపు లాటిన్ పత్రాలు ఆ పేరును దిదాకుస్ అని రాశాయి. ఆ బంధుత్వం అంత గట్టిది కాదు.

ఇక హెచ్. పాతకాలపు పోర్చుగీసు రాతలో, గ్రీకు మూలంలో ‘థ’ లాంటి అక్షరమున్న మాటలకు హెచ్ తగిలించడం గొప్ప. థియేటర్‌కు సమానమైన మాటలో, తెరెజా లాంటి పేర్లలో అది ఉండేది. ఆ మోజులో అవసరం లేని చోట కూడా వచ్చి కూర్చుంది. యాకోబోస్‌లో అలాంటి గ్రీకు అక్షరం ఏదీ లేదు కాబట్టి తియాగులో హెచ్‌కు ఏ ఆధారమూ లేదు. 1911లో పోర్చుగల్ రాతను సంస్కరించి ఇలాంటివన్నీ ఏరేసింది. బ్రెజిల్ 1943లో నియమావళి చేసుకుంది. మనుషుల పేర్లూ కొత్త రాతనే పాటించాలంది, కానీ సంతకంలో పాత రూపం ఉంచుకుంటామన్నవారికి అడ్డు చెప్పలేదు. అమెజాన్ ప్రాంతంలో 1926లో పుట్టిన కవి థియాగో దె మెలో పేరులో ఆ పాత హెచ్ చివరిదాకా ఉంది.

పోర్చుగల్‌లో పిల్లల పేర్లకు రిజిస్ట్రీ పెట్టే నియమాలు గట్టివి, పేర్ల జాబితాలే ప్రకటిస్తారు. అక్కడ స్థిరపడ్డ రూపం హెచ్ లేనిదే. బ్రెజిల్‌లో అంత పట్టింపు లేదు. 1973 నాటి చట్టం బిడ్డను నవ్వులపాలు చేసే పేరును రిజిస్ట్రార్ తిరస్కరించవచ్చంటుంది, అక్షరాల జోలికి పోదు. దాంతో పనికిరాదని పక్కన పెట్టిన హెచ్ సోకు కోసం తిరిగొచ్చింది. ‘వై’తో రాసేవారూ ఉన్నారు. న్యూమరాలజీ పేరు చెప్పి అక్షరాలు అదనంగా తగిలించుకునే మనం వారిని చూసి నవ్వే పనిలేదు. పైగా సునీత, కవిత అని ఇంగ్లిష్‌లో రాసేటప్పుడు మనం పెట్టే హెచ్‌కు ఒక పని ఉంది, అది ‘ట’ కాదు ‘త’ అని చెప్పడం. వారి హెచ్‌కు ఏ పనీ లేదు. పలుకు రవ్వంత కూడా మారదు.

పోర్చుగల్‌లో ఈ పేరు ‘తియాగు’ అని వినపడుతుంది, దాదాపు మన త్యాగులాగే. ఇద్దరికీ ఏ సంబంధమూ లేదు లెండి. బ్రెజిల్‌లో చాలా చోట్ల ‘తి’ని ‘చి’ అంటారు కనుక ‘చియాగు’ అవుతుంది. ఆ దేశపు ఈశాన్యంలో కొన్ని చోట్ల ‘తి’ అలాగే ఉంటుంది. హెచ్‌ను చూసి మనం వత్తి పలికే ‘థి’ మాత్రం అక్కడ ఎవరి నోటా రాదు. క్రీడావార్తలు రాసే మిత్రులకు ఒక మనవి: చియాగు సిల్వా అంటే మన పాఠకుడు గుర్తుపట్టడు, వద్దు. తియాగో సిల్వా అని రాయండి, చాలు.