పాత ప్రోగ్రాములకు కొత్త యంత్రములలో చోటు

పంజాగుట్ట నుండి అమీర్‌పేటకు పోవువారికి మైత్రీవనము సమీపించుకొలది కంప్యూటరు శిక్షణాలయముల ప్రకటన ఫలకములే కన్నుల నిండ కనబడును. నిన్నటి భాషను తొలగించి నేటి భాష పేరు వ్రాయుట ఈ వీధులకు అలవాటే. 2000 ప్రాంతమున ఇచ్చట విజువల్ బేసిక్ నేర్చినవారు అనేకులు. ఇప్పుడు ఆ పేరు ఫలకములపై అరుదు. కాని ఆ భాషలో వ్రాసిన బిల్లుల ప్రోగ్రాములు, జీతముల ప్రోగ్రాములు నేటికిని కొన్ని దుకాణములలో, కార్యాలయములలో పనిచేయుచున్నవి. పాతికేండ్లనాటి ప్రోగ్రాము నిన్న కొన్న కంప్యూటరులో ఎట్లు నడచుచున్నది? ఒక్కొక్కప్పుడు ఏల మొరాయించుచున్నది?

పెండ్లివంటకు వచ్చు వంటవాడు తన గరిటెలు మాత్రము తెచ్చుకొనును. గుండిగలు, గంగాళములు అద్దెకొట్టు నుండి వచ్చును. ప్రోగ్రాము సంగతియు నింతే. తెరపై కిటికీ తెరచుట, వర్గమూలము కట్టుట, అక్షరములను వరుసగా అమర్చుట వంటివి అన్ని ప్రోగ్రాములకును కావలసిన పనులు. విండోస్ వ్యవస్థలో వీనిని వేరు ఫైళ్ళుగా ఉంచి, ఏ ప్రోగ్రామైనను పిలుచుకొనునట్లు ఏర్పాటు చేసిరి. ఇవియే డైనమిక్ లింక్ లైబ్రరీలు, క్లుప్తముగా డి.ఎల్.ఎల్. ఫైళ్ళు. ప్రోగ్రాములో ఉండునది ‘ఫలానా ఫైలులోని ఫలానా పని’ అను చీటీ మాత్రమే. ఆ పేరుగల ఫైలు దొరకనిచో ప్రోగ్రాము మొదటి అడుగులోనే ఆగిపోవును. కంప్యూటరు ఎంత వేగవంతమైనదైనను ప్రయోజనము లేదు.

1998లో వచ్చిన విజువల్ బేసిక్ 6కు ఇట్టి ఆధారపు ఫైలు ఒకటి కలదు. ప్రోగ్రాములు వ్రాయు ఆ సాధనమునకు మైక్రోసాఫ్ట్ సంస్థ 2008లోనే మద్దతు నిలిపివేసినది. ఆధారపు ఫైలును మాత్రము విండోస్ 11తో కూడ ఇచ్చుచున్నది. పాత ప్రోగ్రాముల ఆయుష్షు దానిలో నున్నది.

సి ప్లస్ ప్లస్ భాషలో ఈ వ్యవహారము కొంచెము చిక్కుగా నుండును. 2010 నాటి విజువల్ సి ప్లస్ ప్లస్‌తో కట్టిన ప్రోగ్రాము 100 అను సంఖ్యగల లైబ్రరీని కోరును. 2012 నాటిది 110ని, 2013 నాటిది 120ని కోరును. 2015 నుండి 140. నడుమ 130 లేదు! ఒకదానికి బదులు మరియొకటి పనికిరాదు. వెనుకటి కాలమున ఒకే పేరుతో కొత్త ఫైలు వచ్చి పాతదాని స్థానము నాక్రమించెడిది. పాత గుండిగ కొలతతో ఎసరు పెట్టు వంటవానికి చెప్పకుండ గుండిగను మార్చినట్లయ్యెడిది. 2001లో వచ్చిన విండోస్ ఎక్స్‌పీ నుండి వేర్వేరు కూర్పులను ప్రక్కప్రక్కనే భద్రపరచు పద్ధతి అమలులోనికి వచ్చినది.

ఇక బిట్ల సంగతి. 32 బిట్లతో వ్రాయగల చిరునామాలు 429,49,67,296. అనగా 4 గిగాబైట్లకు మించిన జ్ఞాపకస్థానమును అట్టి ప్రోగ్రాము చూడలేదు. అందుచే యంత్రములు 64 బిట్లకు మారినవి. 32 బిట్ల ప్రోగ్రాము 64 బిట్ల లైబ్రరీని తనలో కలుపుకొనలేదు. కావున విండోస్‌లో రెండు భాండాగారములు ఉంచవలసి వచ్చెను. ఇచ్చట ఒక వింత: 64 బిట్ల ఫైళ్ళున్న గది పేరు సిస్టమ్32; 32 బిట్ల ఫైళ్ళున్న గది పేరు సిస్‌వావ్64. ఎన్నో ప్రోగ్రాములలో సిస్టమ్32 అను పేరు అప్పటికే పాతుకొని యుండుటచే దానిని మార్చలేదు. పాత ప్రోగ్రాము సిస్టమ్32 అని అడిగినప్పుడు వావ్64 అను మధ్యవర్తి దానిని చడీచప్పుడు లేక రెండవ గదికి మళ్ళించును.

ఈ వింత నెరుగని విద్యార్థి, లేదన్న డి.ఎల్.ఎల్. ఫైలును ఎక్కడినుండియో దింపుకొని సిస్టమ్32లో వేయును. అది 32 బిట్లదైనచో పాత ప్రోగ్రామునకు కనబడదు. అంతకంటె పెద్ద ప్రమాదము వేరొకటి గలదు: లైబ్రరీ నిర్జీవమైన పట్టిక గాదు, అదియు నడచెడి ప్రోగ్రామే. అందులో దొంగ యున్నచో యజమాని అధికారముతోనే లోపల తిరుగును. ఒక్క ఫైలుకై వెదకక, మైక్రోసాఫ్ట్ ఇచ్చు పూర్తి కట్టను స్థాపించుటే మేలు. 64 బిట్ల యంత్రములో సైతము 32 బిట్ల ప్రోగ్రామునకు ఎక్స్86 అను కట్టయే కావలెను.

టర్బో సి వంటి 16 బిట్ల ప్రోగ్రాములకు ఈ మధ్యవర్తి సాయపడడు. 64 బిట్ల విండోస్‌లో వానికి చోటే లేదు. డాస్‌బాక్స్ అను ప్రోగ్రాము పాత కంప్యూటరునే మొత్తముగ అనుకరించి వానిని నడిపించును.

తెలుగువారికి ఇది ఆటవస్తువు గాదు. ప్రశ్నపత్రములు, కరపత్రములు, పుస్తకములు ఏండ్లతరబడి పేజ్‌మేకరులో అను లిపులతో కూర్చబడినవి. పేజ్‌మేకరు చివరి కూర్పు 7, 2001 నాటిది. ఆ ఫైళ్ళలో తెలుగు అక్షరములు యూనికోడ్ సంకేతములతో లేవు. లిపి తొలగించినచో మిగులునవి అర్థము లేని ఇంగ్లీషు గుర్తులే. ప్రోగ్రామును తెరువగల యంత్రము పాఠశాలలో ఒక్కటి మిగిలియున్నను, దానిని పాత ఇనుమున కమ్మక మునుపే ఆ పాఠములను యూనికోడ్‌లోనికి మార్చుకొనవలెను.