యురేనియం, బోరు నీరు, మూత్రపిండాలు

ఎన్టీఆర్ జిల్లా పెనుగంచిప్రోలు చుట్టుపక్కల అణు కర్మాగారమేదీ లేదు. అయినా ఈ మెట్ట ప్రాంతం యురేనియం సంగతి పట్టించుకోక తప్పదు. నల్లగొండ జిల్లాలో నాగార్జునసాగర్ జలాశయం ఒడ్డున ఉన్న లంబాపూర్, పెద్దగట్టు దగ్గర తవ్వకాలు జరపాలని యురేనియం కార్పొరేషన్ తలపెట్టింది. 2003లో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలో జనం గట్టిగా ఎదురుతిరిగారు. గని మొదలుకాలేదు. అయితే పెనుగంచిప్రోలు పక్కనున్న జగ్గయ్యపేట, నందిగామ పొలాలకు సాగర్ ఎడమ కాలువలో వచ్చే నీళ్లు ఆ జలాశయానివే.

తవ్వితే ఏమవుతుందో చూడాలంటే కడప జిల్లా తుమ్మలపల్లె వెళ్లాలి. అక్కడి శుద్ధి కర్మాగారం 2012లో మొదలైంది. టన్ను రాయిని పిండి చేస్తే యురేనియం అరకిలో కూడా దక్కదు. మిగిలినదంతా బురదగా కొట్టాల దగ్గరి వ్యర్థాల చెరువుకు పోతుంది. అందులో ఉండే రేడియం సగానికి తగ్గాలంటేనే 1,600 ఏళ్లు పడుతుంది.

అక్కడి రాయి సున్నపు జాతిది. ఆమ్లం పోస్తే సున్నమే దాన్ని తాగేస్తుంది కాబట్టి సోడియం కార్బొనేటు వంటి క్షారాలతో కరిగిస్తారు. చిక్కు ఇక్కడే ఉంది. కార్బొనేటుతో జతకట్టిన యురేనియం మట్టికి అంతగా అంటుకోదు, నీటితోపాటే సాగిపోతుంది. చెరువు అడుగున వేసిన పొర కారితే అది భూగర్భ జలంలోకి దిగుతుంది. బోర్లు పాడయ్యాయని, అరటి తోటలు దెబ్బతిన్నాయని, ఒంటిమీద దద్దుర్లు లేస్తున్నాయని అక్కడి రైతులు ఏళ్ల తరబడి మొరపెట్టుకుంటున్నారు. తమ చెరువు కారణం కాదని కర్మాగారం నడిపే యురేనియం కార్పొరేషన్ అంటోంది. ఆ నేలలో యురేనియం సహజంగానే ఉంది కనుక, గని రాకముందు ఏ బోరులో ఎంత ఉండేదో తెలిస్తే తప్ప ఈ తగవు తేలదు.

తాగునీటిలో కలిసిన యురేనియంతో రేడియేషన్ కంటే ముందు వచ్చే ముప్పు వేరే ఉంది. యురేనియం సీసంలాంటి భారలోహం. మూత్రపిండాల్లోని సన్నని నాళికలను దెబ్బతీస్తుంది. ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచించిన హద్దు లీటరుకు 30 మైక్రోగ్రాములు. మన అణుశక్తి నియంత్రణ మండలి 60 దాకా అనుమతించింది. పసిపిల్లలున్న ఇంటికి తక్కువ హద్దే న్యాయం.

రియాక్టర్ల సంగతి వేరు. జర్మనీలో అణు విద్యుత్ కేంద్రాలకు 5 కిలోమీటర్ల లోపు, అయిదేళ్ల లోపు పిల్లల్లో 17 ల్యుకేమియా కేసులు ఉండవలసిన చోట 37 కనిపించాయని 2007లో ఒక అధ్యయనం వెల్లడించింది. అక్కడి రేడియేషన్ మోతాదు ఆ తేడాకు చాలదు, అసలు కారణం ఇంకా తేలలేదు. అయితే పిల్లల క్యాన్సర్లను దేశమంతటా నమోదు చేసే ఏర్పాటు ఉండబట్టే ఆ తేడా అయినా బయటపడింది.

శ్రీకాకుళం జిల్లా కొవ్వాడలో ఆరు రియాక్టర్లు కడతామంటున్నారు. పునాది పడకముందే అక్కడి నీళ్లు, మూత్రపిండాల జబ్బులు, క్యాన్సర్ల లెక్క బయటి సంస్థతో తీయించి, పంచాయతీ కార్యాలయం గోడకు అంటించాలని జనం ఇప్పుడే అడగాలి.