బ్రౌజరులో ఛాయాచిత్రము

1864వ సంవత్సరము నవంబరు 1వ తేదీ రాత్రి సముద్రము పొంగి బందరు పట్టణముపైకి వచ్చెను. సుమారు 30,000 మంది జనులు మృతినొందిరి. ఛాయాగ్రహణ విద్య లోకమునకు వెల్లడియై అప్పటికి పాతికేండ్లు నిండినవి. అయినను ఆనాడు ఒక్క చిత్రము తీయవలెనన్న, గాజుపలకకు రసాయనము పూసి, తడి యారకమునుపే దానిని కెమెరాలో నుంచి, వెంటనే చీకటి గుడారములో కడుగవలసి యుండెడిది. 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచునాటికి చేతికెమెరాలు వచ్చియుండెను. కాని ఫిల్మును కడిగి అచ్చు తీసినగాని బొమ్మ కంటబడదు. నేడో, నాగాయలంక ప్రాంతపు రైతు నీట మునిగిన తన వరిచేను గట్టుమీద నిలిచి, సెల్‌ఫోనులోని బ్రౌజరు ద్వారానే చిత్రము తీసి పంపగలడు. ఈ పని యెట్లు జరుగునో తెలిసికొందము.

బ్రౌజరనగా వెబ్ పుటలను తెచ్చి చూపు సాధనము. మొదట దానికి స్వయముగా కెమెరాను తాకు శక్తి లేదు. 2012లో క్రోమ్, 2013లో ఫైర్‌ఫాక్సు, 2017లో సఫారీ ఆ శక్తిని పొందినవి.

గుడివాడలో ఒక విద్యార్థి పరీక్ష దరఖాస్తు నింపుచున్నాడనుకొందము. ఫోటో స్థానమును తాకగానే పుట కెమెరాను కోరును. కోరుట వరకే దాని అధికారము. బ్రౌజరు ద్వారపాలకునివలె అడ్డు నిలిచి, "ఈ పుటకు కెమెరా నీయవచ్చునా?" అని విద్యార్థినే అడుగును. అతడు సమ్మతించిననే తలుపు తెరచుకొనును. పుట వచ్చు మార్గము కూడ భద్రమైనదై, చిరునామా హెచ్‌టీటీపీఎస్ అను అక్షరములతో మొదలు కావలెను. లేనిచో దారిలో పొంచియున్నవాడు పుటను మార్చి, విద్యార్థి మరియొకరికిచ్చిన సమ్మతితో తాను ఆ యింటిలోనికి తొంగిచూడగలడు. 2015 నుండి క్రోమ్ ఈ నియమమును పాటించుచున్నది.

సమ్మతి లభించిన పిమ్మట కెమెరా నుండి వచ్చునది నిశ్చలచిత్రము కాదు, కాలువనీటివలె ఎడతెగని దృశ్యప్రవాహము. పుటలోని వీడియో చట్రములో అది కదలుచు కనబడును. విద్యార్థి మీటను తాకిన క్షణమున చట్రములోనున్న దృశ్యమును బ్రౌజరు కాన్వాసు అను మరియొక పలకపై గీయును. ప్రవాహము సాగిపోవును, పలకపై బొమ్మ నిలిచిపోవును. తొందరపాటు మాత్రము పనికిరాదు. ప్రవాహ మింకను రాకమునుపే గీయించినచో వట్టి పలకయే దరఖాస్తుతో పోవును! అందుచే తెలిసినవారు దృశ్యము వచ్చు వరకు మీటను పనిచేయనీయరు.

పలకపైనున్నవి రంగుచుక్కలు. అడ్డముగా 640, నిలువుగా 480 చుక్కలున్నచో మొత్తము 3,07,200. చుక్క కొకటికి నాలుగు బైట్ల చొప్పున 12,28,800 బైట్లగును. దరఖాస్తులలో ఫోటో ఇన్ని కిలోబైట్లకు మించరాదను నియమముండును గదా! కావున బ్రౌజరు దానిని జెపెగ్ పద్ధతిలో కుదించును. కుదింపు మితిమీరినచో ముఖము మసకబారును.

సెల్‌ఫోనుకు ముందొకటి, వెనుకొకటి కెమెరాలుండును. ఏది కావలెనో పుట ముందే సూచింపవచ్చును. ముఖమునకు ముందుది, చేనికి వెనుకటిది తగును. ముందు కెమెరా దృశ్యమును పలు పుటలు అద్దములోవలె కుడియెడమలు మార్చి చూపును. పెడనలో కలంకారీ బట్టను పట్టుకొని చిత్రము తీసికొను పనివాడు తెరపై లతలు ఎడమకు వంగియుండగా చూచి, తీసిన చిత్రములో కుడికి వంగినవేమని తికమకపడవచ్చును. చిత్రములోనిదే నిజము.

పని ముగియగానే పుట ప్రవాహమును ఆపవలెను. ఆపినంతనే ల్యాప్‌టాపు కెమెరా ప్రక్కనున్న చిన్న దీపము ఆరిపోవును. చిత్రము పంపిన తరువాతను దీపము వెలుగుచున్నచో కెమెరా ఇంకను చూచుచున్నదన్నమాట. అప్పుడు ఆ పుటను మూసివేయుట మేలు.

దివిసీమ రైతు విషయమున మరియొక చిక్కు కలదు. పలకపై గీసిన చిత్రములో రంగులే యుండును. ఏ చోట, ఏ వేళ తీసినదో అందులో నుండదు. నీట మునిగిన చేలన్నియు ఒక్క తీరుననే యుండును. నష్టపరిహారము కోరువాడు అది తన చేనే యని చూపవలెను గదా! కాబట్టి పుట స్థలవివరమును వేరుగా అడుగును. బ్రౌజరు దానికిని ప్రత్యేకముగా సమ్మతి కోరును. గట్టుమీద నిలిచిన రైతు "అనుమతించు" అను మాటను రెండుమారులు తాకవలసి వచ్చుట ఇందువలననే.