గజ్జి: ఇంటిల్లిపాదికీ ఒకేసారి చికిత్స ఎందుకు?

గజ్జి, తామర అని జంటగా అంటాం గానీ రెండూ వేరు. తామర శిలీంధ్రం వల్ల వస్తుంది. గజ్జికి కారణం సార్కాప్టిస్ స్కేబీ అనే అతి చిన్న పరాన్నజీవి. ఆడ పురుగు చర్మం పై పొరలో సొరంగం తొలిచి రోజుకు 2, 3 గుడ్లు పెడుతుంది. వేళ్ల సందుల్లో, మణికట్టు మీద, నడుము చుట్టూ దురద పుట్టి రాత్రివేళ ఎక్కువవుతుంది.

మీరు ముఖ్యంగా గమనించవలసింది, ఈ దురద పురుగుకు, దాని గుడ్లకు, విసర్జనలకు శరీరం చూపే అలర్జీ. మొదటిసారి సోకినవారిలో ఇది బయటపడటానికి 4 నుంచి 6 వారాలు పట్టవచ్చు. ఈలోగా పక్కలో పడుకునేవారికీ పురుగు అంటుకొని ఉంటుంది. అందుకే దురద లేనివారితో సహా ఇంట్లో అందరూ ఒకే రోజున మందు రాసుకోవాలి. ఒక్కరిని వదిలేసినా జబ్బు తిరిగి ఇల్లంతా పాకుతుంది.

సాధారణంగా 5 శాతం పర్మెత్రిన్ క్రీమును వైద్యుని సలహాతో మెడ నుంచి అరికాళ్ల వరకు, గోళ్ల కింద కూడా రాసి, 8 నుంచి 12 గంటల తరువాత స్నానం చేయాలి. వారం తరువాత మరోసారి రాయాలి. పసిపిల్లలకు రాసే పద్ధతి వేరు. శరీరాన్ని వదిలిన పురుగు సాధారణంగా 2, 3 రోజులకు మించి బ్రతకదు కాబట్టి పక్కబట్టలు వేడినీటిలో ఉతికి ఎండలో ఆరవేస్తే చాలు.

చికిత్స తరువాత కూడా 2 నుంచి 4 వారాలు దురద ఉండవచ్చు. మందు పనిచేయలేదనుకొని రోజూ రాస్తే చర్మం రేగుతుంది. కొత్త పొక్కులు కనిపిస్తే మాత్రం వైద్యుని మళ్లీ కలవండి.